కే కెండాల్: ఒక నటి కథ, ఒక డాక్టరు సందేహం

ఆదివారం మధ్యాహ్నాలు టీవీలో పాత ఇంగ్లీషు సినిమాలు వేస్తుంటారు. మన ఇళ్ళల్లో వాటిని పట్టించుకునేవారు తక్కువే. డ్యూటీ లేని ఒక ఆదివారం నేను “జెనివీవ్” (1953) చూశాను. పాతకాలపు కార్లలో లండన్ నుంచి బ్రైటన్‌కు వెళ్ళివచ్చే రెండు జంటల కథ అది. అందులో ఒక పొడుగాటి అమ్మాయి మత్తులో ఉండి, బ్యాండువాళ్ళ దగ్గర ట్రంపెట్ తీసుకుంటుంది. అందరూ నవ్వుతారు. ఆమె దాన్ని అద్భుతంగా వాయించి, వచ్చి కూర్చుని నిద్రపోతుంది. ట్రంపెట్ ధ్వని కెన్నీ బేకర్‌ది. నవ్వించడం మాత్రం పూర్తిగా ఆమెదే. ఆ అమ్మాయే కే కెండాల్.

ఆమె 1927లో యార్క్‌షైర్ తీరాన విథర్న్‌సీ అనే ఊళ్ళో పుట్టింది. నాయనమ్మ మేరీ కెండాల్ మ్యూజిక్ హాళ్ళలో పేరున్న గాయని. 1946లో “లండన్ టౌన్” అనే భారీ రంగుల చిత్రంలో కేకి మంచి అవకాశం వచ్చింది. సినిమా ఘోరంగా పోయింది. మళ్ళీ నిలదొక్కుకోవడానికి ఏళ్ళు పట్టింది. “జెనివీవ్” తరువాత “డాక్టర్ ఇన్ ది హౌస్” (1954), ఆపైన హాలీవుడ్‌లో జీన్ కెల్లీతో “లే గర్ల్స్” (1957). దీనికి గోల్డెన్ గ్లోబ్ బహుమతి వచ్చింది.

ఆ 1957లోనే ఆమెకు లుకీమియా అని తేలింది. డాక్టరు ఆ సంగతి ఆమెకు చెప్పలేదు. ఆమె ప్రేమించిన నటుడు రెక్స్ హారిసన్‌కు చెప్పాడు. “మై ఫెయిర్ లేడీ”లో ప్రొఫెసరుగా మనకు తెలిసినవాడే. ఆయన అప్పటి భార్య లిల్లీ పామర్ సంగతి తెలిసి విడాకులకు ఒప్పుకుంది. ఆయన కేని పెళ్ళాడి, దగ్గరుండి చూసుకున్నాడు. ఆమెకు మాత్రం రక్తంలో ఇనుము తక్కువైందని చెప్పారు. ఆమె మరో రెండు సినిమాలు చేసి, 1959 సెప్టెంబరు 6న, 32 ఏళ్ళకే కన్నుమూసింది. చివరి చిత్రం 1960లో విడుదలయింది. ఆమె పేర లుకీమియా పరిశోధనకు ఒక నిధి 1984లో ఏర్పడింది.

ఇది చదివినప్పుడు నాకు మా వార్డు వరండా గుర్తుకొచ్చింది. మనవాడొకడు నా చెయ్యి పట్టుకుని, “మా అమ్మకు చెప్పకండి డాక్టరుగారూ, రక్తం తక్కువని చెప్పండి చాలు” అన్నాడు. అదే మాట! అతనిది ప్రేమే, హారిసన్‌దీ ప్రేమే. లోపలికి వెళితే ఆ తల్లి, “నాయనా, నిజం చెప్పు. ఊళ్ళో పొలం సంగతి తేల్చాలి, చెల్లెల్ని చూడాలి” అంది. చెప్పాను. ఆవిడ కాసేపు ఏడ్చి, కొడుకుని పిలిచి విమానం టికెట్ల సంగతి అడిగింది.

కే కెండాల్‌కు తెలిసి ఉంటే ఆ రెండేళ్ళూ సినిమాలే చేసేదేమో, మానేసేదేమో. ఏదైనా ఆమె ఇష్టం అయ్యేది. ఆ ఇష్టాన్ని ప్రేమతోనే అయినా లాక్కోవచ్చునా? మన ఇళ్ళల్లో పెద్దవాళ్ళు జబ్బు పడకముందే మాట్లాడుకోవలసిన విషయం ఇది. ఈలోగా “జెనివీవ్” మళ్ళీ వేస్తే, ఆ ట్రంపెట్ దృశ్యం పిల్లలతో కలిసి చూడండి.