రెండు గాజు పోగులు కలిసే చోటు

ఆప్టికల్ ఫైబర్‌లో వెలుగు నడిచే మధ్య భాగాన్ని కోర్ అంటారు. దూర ప్రాంతాలకు వాడే సింగిల్ మోడ్ ఫైబర్‌లో దాని వ్యాసం సుమారు 9 మైక్రాన్లు. చుట్టూ ఉన్న గాజు పొరతో కలిపినా 125 మైక్రాన్లే. రాగి తీగలనైతే మెలేస్తే చాలు, కరెంటు పారుతుంది. ఫైబర్లకు అది కుదరదు. ఒక కోర్‌కు ఎదురుగా రెండో కోర్ మైక్రాన్ పాటి తేడా కూడా రాకుండా నిలవాలి. కావలసినప్పుడు విడదీసి మళ్లీ కలపడానికీ వీలుండాలి. ఈ రెండు పనులూ చేసేది కనెక్టర్.

సికింద్రాబాద్‌కు ఫైబర్‌తో దగ్గరి సంబంధం ఉంది. రైల్వే సిగ్నల్, టెలికాం సిబ్బందికి శిక్షణ ఇచ్చే ఇరిసెట్ 1957 నవంబరు 24న ఇక్కడే మొదలైంది. పట్టాల వెంట 60 వేల కిలోమీటర్లకు పైగా ఫైబర్ నడుపుతున్న రైల్‌టెల్ సంస్థ 2000 సెప్టెంబరులో ఏర్పడింది. దాని దక్షిణ ప్రాంత కార్యాలయం కూడా ఈ ఊళ్లోనే ఉంది. రైళ్లు ఢీకొనకుండా కాపాడే కవచ్ వ్యవస్థను ఇక్కడి దక్షిణ మధ్య రైల్వే 1,465 కిలోమీటర్ల మార్గంలో అమర్చింది. అందులో స్టేషన్ల మధ్య సమాచారం ఫైబర్ మీదే నడుస్తుంది.

1966లో చార్లెస్ కావ్ గాజులోని మలినాలు తగ్గిస్తే వెలుగును దూరం పంపవచ్చని చూపాడు. 1970లో కార్నింగ్ సంస్థ అలాంటి ఫైబర్‌ను తయారు చేసింది. అప్పటినుంచి అతుకే పెద్ద చిక్కయింది. జపాన్ టెలిఫోన్ సంస్థ ఎన్‌టీటీ మరతో బిగించే ఎఫ్‌సీని, ఆ తర్వాత నొక్కితే పట్టేసే ఎస్‌సీని రూపొందించింది. అమెరికాలో ఏటీ అండ్ టీ ఎస్‌టీని తెచ్చింది. వీటన్నిటి గుండెకాయ ఫెర్రూల్ అనే 2.5 మిల్లీమీటర్ల జిర్కోనియా సిరామిక్ గొట్టం. ఫైబర్ దాని నట్టనడుమ కూర్చుంటుంది. 1990లలో లూసెంట్ తెచ్చిన ఎల్‌సీలో ఫెర్రూల్ 1.25 మిల్లీమీటర్లే కావడంతో అదే ప్యానెల్‌లో రెట్టింపు కనెక్షన్లు పట్టాయి.

అసలు మెరుగుదల మాత్రం కొసను పాలిష్ చేసే తీరులో వచ్చింది. రెండు కొసల మధ్య గాలి మిగిలితే ఒక్కో గాజు ముఖం నుంచి సుమారు 4 శాతం వెలుగు వెనక్కి తిరుగుతుంది, లేజర్‌ను కలవరపెడుతుంది. అందుకే కొసను కొద్దిగా ఉబ్బెత్తుగా నునుపు చేసి, గాజుకు గాజు తాకేలా స్ప్రింగుతో నొక్కిపెడతారు. నీలిరంగు యూపీసీ కనెక్టర్‌లో తిరిగొచ్చే వెలుగు దాదాపు లక్షో వంతు. ఆకుపచ్చ ఏపీసీలో కొసను 8 డిగ్రీలు వాలుగా కోస్తారు. తిరిగే వెలుగు పక్కకు తప్పుకొని, వెనక్కి వచ్చేది పది లక్షలో వంతుకు పడిపోతుంది. ఈ రెండు రకాలనూ ఒకదానికొకటి ఎన్నడూ కలపకూడదు. కలిపితే గాజులు సరిగా తాకవు, వెలుగు నష్టమవుతుంది.

మంచి కనెక్టర్ దగ్గర నష్టం 0.2 నుంచి 0.5 డెసిబెల్. 1550 నానోమీటర్ల వెలుగుకు కిలోమీటరు ఫైబర్‌లో పోయేది దాదాపు 0.2 డెసిబెల్. అంటే 0.5 డెసిబెల్ తినేసే ఒక్క కనెక్టర్ రెండున్నర కిలోమీటర్ల కేబుల్‌కు సమానం! ఆ కొస మీద ధూళి చేరితే నష్టం ఇంకా పెరుగుతుంది. కోర్ 9 మైక్రాన్లే కాబట్టి కంటికి కనపడని రేణువు కూడా దారికి అడ్డం పడగలదు. పైగా బిగించినప్పుడు అది గాజులోకి నొక్కుకుని గీత పెడుతుంది. ఆ గీత ఎంత తుడిచినా పోదు. అందుకే మైక్రోస్కోపుతో చూసి, నూగు రాలని గుడ్డతో శుభ్రం చేసి, మళ్లీ చూశాకే కలపడం సరైన పద్ధతి. దారిలో ఎక్కడ లోపముందో ఓటీడీఆర్ యంత్రం చూపుతుంది. దాని తెర మీద కనెక్టర్ నిటారు ముల్లులా లేస్తుంది, వేడితో కరిగించి వేసిన అతుకు చిన్న మెట్టులా దిగుతుంది.

ఇళ్లకు వచ్చే ఫైబర్ ఇంటర్నెట్ తీగ చివర ఎక్కువగా ఉండేది ఆకుపచ్చ ఎస్‌సీ కనెక్టరే. దాన్ని ఊడదీస్తే కొసను వేలితో తాకవద్దు, నోటితో ఊదవద్దు, వెంటనే మూత పెట్టాలి. అందులోకి తొంగి చూడనూ కూడదు: ఆ వెలుగు పరారుణం, కంటికి కనపడదు.