పేరు తెలియదు, గొంతు తెలుసు

“హలో... వినిపిస్తోందా?”

ముక్కూ మొహం తెలియని మనిషితో మొబైల్‌లో మాట కలిపే ప్రతి సంభాషణా ఇంచుమించు ఇలాగే మొదలవుతుంది. ఫొటో ఉండదు. పేరు ఉండదు, ఉన్నా అది పెట్టుడు పేరే. యాప్ తెరిచి బటన్ నొక్కితే, అదే క్షణంలో ఇంకెక్కడో బటన్ నొక్కిన మరొకరితో లైన్ కలుస్తుంది. నచ్చితే తెల్లవారేదాకా మాట్లాడుకోవచ్చు, నచ్చకపోతే సగం మాటలోనే పెట్టేయవచ్చు. పరీక్షల ముందు నిద్రపట్టని విద్యార్థికి, రాత్రి డ్యూటీలో ఒంటరిగా కూర్చున్న సెక్యూరిటీ గార్డుకి, ఇంగ్లిష్‌లో తడబడకుండా మాట్లాడాలనుకునే ఉద్యోగార్థికి ఇదొక తలుపు. ఆ తలుపు అవతల ఎవరున్నారో మాత్రం తెలియదు.

కోరిక మాత్రం పాతదే. ల్యాండ్‌లైన్ల కాలంలో క్రాస్ టాక్‌లో వినపడిన గొంతుతో కబుర్లు చెప్పుకున్నవాళ్లున్నారు. 1970లలో అమెరికా లారీ డ్రైవర్లు సిటిజన్స్ బ్యాండ్ రేడియోలో మారుపేర్లతో రాత్రంతా మాట్లాడుకునేవారు. మన పొరుగున బంగ్లాదేశ్ పల్లెల్లో మొబైల్ ఫోన్లు వచ్చాక ‘రాంగ్ నంబర్’ పరిచయాలు ఎంతగా పెరిగాయంటే, మానవశాస్త్రవేత్త జూలియా హువాంగ్ వాటినే పరిశోధనాంశంగా తీసుకున్నారు. నంబరు తప్పినట్టు నటించి ఫోన్ చేయడం, అవతలి గొంతు నచ్చితే మాట సాగదీయడం తెలుగునాట కూడా తెలియని విద్యేమీ కాదు.

అపరిచితుడి ముందు మనసు ఎందుకు విప్పుతారు? జర్మన్ సామాజిక శాస్త్రవేత్త జార్జ్ సిమ్మెల్ 1908లోనే దీన్ని గమనించారు. దగ్గరివాళ్ల దగ్గర దాచే సంగతులు దారినపోయే మనిషికి చెప్పేస్తారని, ఆ మనిషి తమ రోజువారీ జీవితంలోకి తిరిగి రాడన్న ధీమాయే అందుకు కారణమని ఆయన ఆలోచన. 1975లో మనస్తత్వవేత్త జిక్ రూబిన్ బోస్టన్ విమానాశ్రయంలో విమానం కోసం ఎదురుచూస్తున్న ప్రయాణికుల మీద దీన్ని పరీక్షించారు. పరిశోధకుడు ముందుగా తన గురించి నాలుగు వాక్యాలు రాసి చూపి, ప్రయాణికుణ్ణి కూడా తన గురించి రాయమని అడిగేవాడు. పరిశోధకుడు ఎంత లోతైన విషయం రాస్తే అవతలివాళ్లూ అంత లోతుగా రాశారు, కానీ ఒక హద్దు వరకే. అపరిచితుడు మరీ ముందుకొస్తే జనం అనుమానంతో వెనక్కి తగ్గారు. ‘అయిదు నిమిషాల్లో జీవితమంతా చెప్పేసేవాళ్లతో జాగ్రత్త’ అని పెద్దలు అనేది ఇలాంటి అనుభవంతోనే కావచ్చు.

ఇంటర్నెట్ వచ్చాక ఈ హద్దు జరిగింది. అమెరికన్ మనస్తత్వవేత్త జాన్ సూలర్ 2004లో దీనికి ‘ఆన్‌లైన్ సంకోచరాహిత్యం’ అనదగ్గ పేరు పెట్టారు. పేరు తెలియదు, ముఖం కనపడదు, అడ్డుచెప్పే పెద్దరికం లేదు. ఇవన్నీ కలిసి మనిషిలోని బిడియాన్ని సడలిస్తాయి. సడలిన బిడియం ఒకరి చేత దాచుకున్న దుఃఖాన్ని చెప్పిస్తుంది, ఇంకొకరి చేత బూతులు తిట్టిస్తుంది. కారణం ఒకటే, ఫలితాలే రెండు.

మరి టైపు చేయకుండా మాట్లాడటం దేనికి? అమిత్ కుమార్, నికొలస్ ఎప్లే 2021లో ప్రచురించిన ప్రయోగాల్లో అపరిచితులను కొందరిని రాతతో, కొందరిని గొంతుతో, కొందరిని వీడియోతో మాట్లాడించారు. గొంతుతో మాట్లాడితే ఇబ్బందిగా ఉంటుందని జనం ముందుగా ఊహించుకున్నారు. తీరా మాట్లాడాక ఆ ఇబ్బంది పెద్దగా కలగలేదు, పైగా రాతకంటే దగ్గరితనం ఎక్కువ పెరిగింది. ముఖం కూడా కనపడటం వల్ల దానికి కొత్తగా చేరిందేమీ లేదు. అంటే బంధం కలిపే పని చాలావరకు గొంతే చేసేస్తోంది.

యేల్ విశ్వవిద్యాలయానికి చెందిన మైఖేల్ క్రాస్ 2017లో వెల్లడించిన ఫలితం ఇంకా ఆశ్చర్యకరం. అవతలి మనిషి భావోద్వేగాన్ని సరిగ్గా పసిగట్టడంలో, చూస్తూ విన్నవాళ్లకంటే కేవలం విన్నవాళ్లే మెరుగ్గా ఉన్నారు. ఒక ప్రయోగంలో మనుషులను వెలుతురున్న గదిలోనూ, చీకటి గదిలోనూ మాట్లాడించి చూశారు. చీకట్లోనే ఒకరినొకరు బాగా అర్థం చేసుకున్నారు. ముఖాన్ని అదుపులో పెట్టుకోవడం మనిషికి చిన్నప్పటి నుంచీ అలవాటు. నవ్వు పులుముకోవచ్చు. గొంతులోని వణుకు, ఆగి తీసుకున్న ఊపిరి, మింగేసిన మాట అంత తేలిగ్గా మాట వినవు. చూపు, వినికిడి రెండింటి మధ్య చెదిరే శ్రద్ధ ఒక్క చెవి మీదే నిలవడం మరో కారణమని పరిశోధకులు భావిస్తున్నారు.

అయితే చెవికీ తొందరపాటు ఉంది. గ్లాస్గో విశ్వవిద్యాలయంలో ఫిల్ మెక్‌అలీర్ బృందం 2014లో 64 మంది పలికిన ‘హలో’లను మాత్రమే కత్తిరించి శ్రోతలకు వినిపించింది. ఒక్కోటి అర సెకను కూడా లేదు. అయినా ఏ గొంతు నమ్మదగినది, ఏది పెత్తనం చేసేది అన్న విషయంలో శ్రోతల అభిప్రాయాలు దాదాపు కలిశాయి. ఆ గొంతులవాళ్లు నిజంగానే నమ్మదగినవాళ్లా అన్నది ఇక్కడ ప్రశ్నే కాదు. అందరూ ఒకేలా అనుకోవడం వేరు, అది నిజం కావడం వేరు. మోసగాళ్ల పని సులువయ్యేది ఈ రెండింటి మధ్య ఉన్న ఖాళీలోనే.

ఇందులో నెట్‌వర్క్ పాత్ర కూడా తక్కువ కాదు. పది భాషల సంభాషణలను పోల్చిన 2009 నాటి అధ్యయనం ప్రకారం ఒకరు ఆపి ఇంకొకరు అందుకునే మధ్య విరామం సగటున సుమారు 200 మిల్లీసెకన్లు, అంటే సెకనులో అయిదో వంతు. అందుకే మాట ఒకవైపు నుంచి రెండోవైపుకి 150 మిల్లీసెకన్లలోపు చేరాలని అంతర్జాతీయ టెలికమ్యూనికేషన్ యూనియన్ సిఫారసు చేస్తుంది. సిగ్నల్ బలహీనంగా ఉండి ఆలస్యం సెకను దాటితే ఏమవుతుంది? జర్మనీలో జరిగిన ప్రయోగాల్లో జనం లైన్‌ను తప్పుపట్టలేదు. అవతలి మనిషికి శ్రద్ధ లేదనీ, స్నేహశీలి కాదనీ తేల్చేశారు. పరిచయస్తులైతే ‘నీ లైన్ బాలేదు’ అని నవ్వుకుంటారు. అపరిచితుడికి ఆ వెసులుబాటు ఉండదు.

ఇక అసలు విషయం. ఈ సంభాషణ నిజంగా అనామకమేనా?

పేరును దాచవచ్చు, గొంతును దాచడం కష్టం. స్వరతంత్రుల కంపనం పురుషుల్లో సెకనుకు 100 నుంచి 120 సార్ల వరకు, స్త్రీలలో 200 సార్ల చుట్టూ ఉంటుంది. ఆ ధ్వని గొంతు, నోరు, ముక్కు గుండా బయటికి వచ్చేటప్పుడు ఆ గదుల పొడవూ ఆకారమూ దాని మీద ముద్ర వేస్తాయి. పాతకాలపు టెలిఫోన్ 300 నుంచి 3,400 హెర్ట్జ్‌ల మధ్య ధ్వనినే పంపేది. మూలస్వరమే తెగిపోయినా మెదడు మిగతా స్వరాల నుంచి దాన్ని ఊహించుకునేది. నేటి యాప్‌లలో ఎక్కువగా వాడే ఓపస్ అనే ధ్వని సంకేత విధానం 2012లో ప్రమాణంగా వచ్చింది. అది అంతకన్నా ఎంతో విస్తృతమైన ధ్వనిని చేరవేస్తుంది. మాటలోని స్పష్టతతోపాటు ఆ ముద్ర కూడా స్పష్టంగానే చేరుతుంది.

కంప్యూటర్‌కి కొన్ని సెకన్ల మాట చాలు. 2018లో జాన్స్ హాప్కిన్స్ విశ్వవిద్యాలయం పరిశోధకులు రూపొందించిన ఎక్స్-వెక్టర్ పద్ధతి ఒక గొంతును 512 అంకెల వరసగా మార్చేస్తుంది. రెండు రికార్డింగుల వరసలు దగ్గరగా ఉంటే మనిషి ఒకరే కావచ్చని అంచనా వేస్తుంది. యూట్యూబ్‌లో పాడిన పాట, కాలేజీ వార్షికోత్సవ ప్రసంగం, మారుపేరుతో చేసిన రాత్రి సంభాషణ ఒకే మనిషివని తేలడానికి పేరుతో పనిలేదు. 2023 జనవరిలో మైక్రోసాఫ్ట్ పరిశోధకులు ప్రకటించిన వాల్-ఇ మూడు సెకన్ల నమూనాతో ఆ గొంతును అనుకరించగలిగింది.

తెలుగువాళ్ల విషయంలో కంప్యూటర్ దాకా వెళ్లనక్కర్లేదు కూడా. ‘ఎక్కడున్నారు’, ‘యాడుండావ్’, ‘ఏడున్నవ్’... ఒక్క ప్రశ్నతో మనిషి ప్రాంతం తెలిసిపోతుంది. వెనక నుంచి వినపడే బస్టాండు ప్రకటనో, గుడి మైకో మిగతాది చెబుతుంది. బ్రౌజర్లలో మాట నేరుగా ఒక పరికరం నుంచి ఇంకొక పరికరానికి వెళ్లేలా రూపొందించినప్పుడు ఐపీ చిరునామా కూడా అవతలి పరికరానికి అందుతుంది. దాంతో ఇల్లు కనిపెట్టలేరు కానీ సుమారుగా ఏ ప్రాంతమో తెలుస్తుంది. మధ్యలో ఒక సర్వర్ ద్వారా పంపితే చిరునామా దాగుతుంది. అప్పుడు ఆ సర్వర్ నడిపేవాళ్లను నమ్మాలి.

గొంతే వేదికగా ఏమవుతుందో దక్షిణాసియాకు స్వయంగా తెలుసు. లాహోర్‌లో అఘా అలీ రజా, కార్నెగీ మెలన్ విశ్వవిద్యాలయానికి చెందిన రోని రోసెన్‌ఫెల్డ్ 2012లో ‘పాలీ’ అనే ఫోన్ సేవను వదిలారు. గొంతు రికార్డు చేస్తే దాన్ని వింతగా మార్చి స్నేహితులకు పంపేది. 32 మందితో మొదలై ఏడాదిలో 1,65,000 మందికి పాకింది. భారత్‌లో ఆదిత్య వశిష్ఠ, సహచరులు నడిపిన ‘సంగీత్ స్వర’లో మామూలు ఫోన్ ఉన్నవాళ్లు కూడా పాటలు, కవితలు, జోకులు రికార్డు చేశారు. వాటిని తూకం వేసిందీ కాలర్లే. చూపులేని ఎందరికో అది ఇష్టమైన చోటుగా మారింది. తెర చూడనక్కర్లేని లోకం వాళ్లకు దొరకడం అరుదు మరి.

అదే వశిష్ఠ, రజా తదితరులు సంగీత్ స్వరనూ, పాకిస్తాన్‌లోని ‘బాంగ్’ అనే అలాంటి వేదికనూ పరిశీలించి 2019లో ఒక పత్రం ప్రచురించారు. దాని శీర్షికలోనే బెదిరింపులు, తిట్లు, సరసాలు, బ్లాక్‌మెయిల్ ఉన్నాయి. ఈ వేదికలు తమకెంతో ఉపయోగమని స్త్రీలు చెప్పారు. అదే నోటితో, గొంతు వినపడగానే మొదలయ్యే వేధింపుల గురించీ చెప్పారు. రాతలో స్త్రీ తన స్త్రీత్వాన్ని దాచుకోవచ్చు, వాయిస్‌లో తొలి అక్షరమే పట్టిస్తుంది. పురుషుడికి వాయిస్ చాట్ ఇచ్చినంత అనామకత్వం స్త్రీకి ఇవ్వదు. యాప్‌ల ప్రచారాల్లో ఈ తేడా ఊసు కనపడదు.

పిల్లల విషయంలో మూల్యం ఇంకా పెద్దది. అమెరికాలో 18 ఏళ్ల లీఫ్ కె-బ్రూక్స్ 2009లో మొదలుపెట్టిన ఒమెగల్, అపరిచితులను రాతతోనూ వీడియోతోనూ కలిపేది. పదకొండేళ్ల వయసులో ఆ సైట్ తనను ఒక నేరస్థుడితో కలిపిందని ఓ యువతి వేసిన దావా రాజీతో ముగిసింది. 2023 నవంబరులో సైట్ మూతపడింది. మన దేశంలో 2023 నాటి డిజిటల్ వ్యక్తిగత డేటా రక్షణ చట్టం 18 ఏళ్ల లోపువారి సమాచారం వాడాలంటే తల్లిదండ్రుల ధ్రువీకరించదగిన సమ్మతి కావాలంటుంది. ‘నాకు 18 నిండాయి’ అన్న గడిలో టిక్ పెట్టడం ఏ ఏడో తరగతి పిల్లాడికీ కష్టం కాదు.

అపరిచితుడితో మాట్లాడటమే ప్రమాదం అనుకుంటే మాత్రం పొరపాటు. 1953లో లండన్‌లో చాద్ వరా అనే మతగురువు మొదలుపెట్టిన సమారిటన్స్ సేవ నిలబడింది సరిగ్గా దీనిమీదే: పేరు చెప్పనక్కర్లేదు, వినడానికి ఒక గొంతు ఉంటుంది. చెన్నైలో 1986 నుంచి స్నేహ, హైదరాబాద్‌లో రోష్ని ఆ దారిలోనివే. 2022 అక్టోబరులో కేంద్రం ప్రారంభించిన టెలి-మానస్‌కు 14416 నంబరులో రాత్రీ పగలూ ఉచితంగా, తెలుగులో కూడా మాట్లాడవచ్చు. తేడా అంతా అవతలి మనిషి శిక్షణలో ఉంది. యాప్‌లో కలిసిన మనిషి కూడా అంతే ఓపికగా వినవచ్చు, లేదా రెండో ఫోన్‌లో రికార్డు చేస్తూ ఉండవచ్చు. ఆ రికార్డింగుతో బెదిరిస్తే డబ్బు పంపకుండా 1930కి ఫోన్ చేయడం తక్షణం చేయాల్సిన పని. బాధితులు పిల్లలైతే 1098 ఉంది.

గొంతుకే ముసుగు వేయగలమా అన్న ప్రయత్నం 2020 నుంచి వాయిస్ ప్రైవసీ ఛాలెంజ్ పేరుతో సాగుతోంది. మాటలు అలాగే ఉంచి, మాట్లాడిందెవరో తెలియకుండా గొంతు మార్చాలన్నది పోటీదారులకు ఇచ్చిన లక్ష్యం. గొంతును గుర్తుపట్టకుండా చేసే కొద్దీ అందులోని కోపం, దిగులు, నవ్వు కూడా చెరిగిపోతుంటాయి. 2024 పోటీలో నిర్వాహకులు ఒక కొత్త షరతు చేర్చారు: మనిషి దాగాలి, కానీ ఆ మనిషి దిగులు మాత్రం వినేవాళ్లకు వినపడాలి.