శ్రీకూర్మమున నరహరి తీర్థులు



చీపురుపల్లిలో రైలెక్కి ఈశాన్యముగా పోయినచో ఆమదాలవలస వచ్చును. అచ్చటినుండి శ్రీకాకుళము, దానికి తూర్పున సుమారు 13 కిలోమీటర్ల దూరమున శ్రీకూర్మము. మీలో పలువురు కూర్మనాథుని సేవించి వచ్చినవారే. కాని ఆ యాలయమందలి స్తంభముపై గల యొక సంస్కృత శాసనమును నిలిచి చూచినవారు కొందఱే యుందురు. అది శకవర్షము 1203, అనగా క్రీస్తుశకము 1281 నాటిది. నరహరి తీర్థులను యతీశ్వరులు అచ్చట యోగానంద నరసింహస్వామికి గుడి కట్టించిరని యందు గలదు.

యతి గుడి కట్టించుట వింత గాదు. ఆయన కళింగప్రజలను పాలించిరనియు, శ్రీకూర్మముపై బడవచ్చిన శబరులను ఖడ్గము పూని యడ్డగించిరనియు నా శాసనమే చెప్పుచున్నది. సర్వసంగపరిత్యాగికి ఖడ్గమేల? గురువైన మధ్వాచార్యుల యాజ్ఞయే కారణమని మఠమువారందురు. సన్న్యాసికి కోరిక యుండరాదు గాని గురువాజ్ఞ దాటరాదు గదా! ఇక శబరుల మాట. వారి సంతతి సవరలు నేటికిని సీతంపేట కొండలలో నున్నారు. ఆ పోరు గూర్చి వారి పక్షపు మాట యే శిలమీదను లేదు. శాసనము చదువునప్పుడు ఈ సంగతి మఱువరాదు.

రాజు మరణింపగా పట్టపుటేనుగు నరహరి తీర్థుల మెడలో పూలమాల వేసెననియు, వారు పండ్రెండేండ్లు రాజ్యమేలిరనియు నొక కథ కలదు. వినుటకు సొంపుగా నున్నది గాని శాసనములో ఏనుగు లేదు. ఆ కాలమున సింహాసనము గాంగరాజులదే. యతి వారికి అధికారియై వ్యవహరించిరనుట యుక్తము. ఇట్టివి పరదేశములందును గలవు. ఐరోపాలో ఆటో యను సిస్టర్షియన్ మఠాధిపతి 1138లో ఫ్రైజింగ్ నగరమునకు బిషప్పై, మఠమునుండి లోకవ్యవహారమునకు వచ్చెను.

నరహరి తీర్థులు మాత్రము మరల మఠమునకే పోయిరి. ఇన్నాళ్ళ కొలువునకు ప్రతిఫలముగా భండారమునందలి మూలరాముని, సీతమ్మవారి విగ్రహములను మాత్రమే యడిగి, తెచ్చి గురువుల కర్పించిరని సంప్రదాయము. పిదప పద్మనాభ తీర్థుల యనంతరము పీఠమెక్కి, 1333లో దేహము చాలించిరని మఠపరంపర చెప్పును. గురువుల గీతాభాష్యమునకు భావప్రకాశిక యను వ్యాఖ్య వ్రాసినది వీరే. వీరి బృందావనము హంపీయొద్ద తుంగభద్రలో, చక్రతీర్థ సమీపమున నున్నది.