మానేశాక పొంచి ఉండే మృత్యువు

ఓపియాయిడ్ల వ్యసనానికి నిర్బంధమే మందని దేశం ఇంకా నమ్ముతోంది. ప్రాణాలు నిలిపే చికిత్స మాత్రం బాధితుల్లో అత్యధికులకు అందడం లేదు

హెరాయిన్‌కు అలవాటుపడ్డ వ్యక్తికి అన్నింటికన్నా ప్రమాదకరమైన సమయం ఏది? రోజూ మత్తులో జోగే రోజులేనని ఎవరైనా అనుకుంటారు. లెక్కలు చెప్పేది వేరు. జైలు నుంచో, డీ-అడిక్షన్ కేంద్రం నుంచో 'మంచిగా మారి' ఇల్లు చేరిన తొలి రెండు వారాలే అతనికి అసలు గండం. కన్నవాళ్లు హమ్మయ్య అని ఊపిరి పీల్చుకునే రోజుల్లోనే కొడుకు ఊపిరి ఆగిపోయే ముప్పు ఎక్కువ. అమెరికాలోని వాషింగ్టన్ రాష్ట్రంలో 1999-2003 మధ్య జైళ్ల నుంచి విడుదలైన 30,000 మందికి పైగా ఖైదీల వివరాలను పరిశోధకులు జల్లెడ పట్టి 2007లో ఫలితాలు ప్రకటించారు. విడుదలైన తొలి రెండు వారాల్లో డ్రగ్స్ మోతాదు మించి చనిపోయే ముప్పు వారికి మామూలు జనం కంటే 129 రెట్లు ఎక్కువని తేలింది.

కారణం ఒంట్లోనే ఉంది. నల్లమందు, దాని నుంచి తీసే మార్ఫిన్, హెరాయిన్, ప్రయోగశాలలో తయారయ్యే ట్రమడాల్, ఫెంటానిల్ లాంటివన్నీ ఓపియాయిడ్లే. ఇవి మెదడులో నొప్పిని, ఆనందాన్ని నియంత్రించే గ్రాహకాలను పట్టుకుంటాయి. ఊపిరి తీసుకోమని శరీరాన్ని ఆదేశించే కేంద్రాన్ని కూడా జోకొడతాయి. రోజూ తీసుకునేవారిలో శరీరం క్రమంగా రాటుదేలుతుంది. కొత్తవారి ప్రాణం తీసే మోతాదును కూడా పాతకాపులు తట్టుకుంటారు. కానీ కొద్ది వారాలు మానేస్తే ఆ తట్టుకునే శక్తి కరిగిపోతుంది. కోరిక మాత్రం కరగదు. బయటికొచ్చిన వ్యక్తి ఏదో ఒక బలహీన క్షణంలో పాత మోతాదే ఎక్కించుకుంటాడు. కనుపాపలు సూదిమొనంతకు కుంచించుకుపోతాయి, పిలిస్తే పలకడు, శ్వాస నెమ్మదించి ఆగిపోతుంది.

ప్రపంచ ఆరోగ్య సంస్థ అంచనా ప్రకారం 2019లో డ్రగ్స్ కారణంగా దాదాపు 6 లక్షల మంది చనిపోయారు. వారిలో 80 శాతం మరణాలకు ఓపియాయిడ్లతో సంబంధం ఉంది. అందులోనూ నాలుగో వంతు మోతాదు మించడం వల్ల సంభవించినవే. ఒక్క అమెరికాలోనే 2022లో ఓపియాయిడ్ల మోతాదు మించి 80,000 మందికి పైగా మరణించారు. 1996లో మార్కెట్‌లోకి వచ్చిన ఆక్సీకాంటిన్ లాంటి నొప్పి మాత్రలతో మొదలైన ఆ విపత్తు హెరాయిన్ మీదుగా ఫెంటానిల్‌కు చేరింది.

మన లెక్క ఎంత?

భారత్‌లో ఇది అమెరికా సమస్య అన్న భావన బలంగా ఉంది. సామాజిక న్యాయ మంత్రిత్వ శాఖ కోసం ఢిల్లీలోని ఎయిమ్స్ జరిపిన జాతీయ సర్వే 2019లో ఆ భ్రమను పటాపంచలు చేసింది. 2 లక్షలకు పైగా ఇళ్లకు వెళ్లి, 4.7 లక్షల మందికి పైగా వ్యక్తులతో మాట్లాడి రూపొందించిన నివేదిక అది. దాని ప్రకారం దేశ జనాభాలో 2.1 శాతం, అంటే 2.26 కోట్ల మంది ఓపియాయిడ్లు వాడుతున్నారు. అది ప్రపంచ సగటుకు దాదాపు మూడు రెట్లు. వీరిలో సుమారు 77 లక్షల మందికి చికిత్సో, సాయమో అవసరం. 2004 నాటి సర్వేలో సంప్రదాయ నల్లమందుదే పైచేయి. 2019 నాటికి ఆ స్థానాన్ని హెరాయిన్ ఆక్రమించింది. హెరాయిన్ వాడేవారు 1.14 శాతం కాగా మందుల దుకాణాల్లో దొరికే ఓపియాయిడ్లు వాడేవారు 0.96 శాతం, నల్లమందు వాడేవారు 0.52 శాతం.

ఈ వరస మారడం చిన్న విషయం కాదు. నల్లమందు ఉండ మింగే ముసలాయన దశాబ్దాల పాటు బతికేయవచ్చు. హెరాయిన్ పీల్చే కుర్రాడు త్వరగా లోతుకు జారిపోతాడు, సూదికి మారితే ముప్పు ఇంకా పెరుగుతుంది. దేశంలో 8.5 లక్షల మంది సూదితో డ్రగ్స్ ఎక్కించుకుంటున్నారని ఆ సర్వే అంచనా వేసింది. 2021 నాటి జాతీయ ఎయిడ్స్ నియంత్రణ సంస్థ లెక్కల్లో ఈ వర్గంలో 9 శాతం మందికి హెచ్‌ఐవీ ఉంది.

మయన్మార్ సరిహద్దు మీదుగా వచ్చే హెరాయిన్‌తో 1980ల నుంచీ పోరాడుతున్న మణిపూర్‌తో పాటు మిజోరం, నాగాలాండ్, అరుణాచల్ ప్రదేశ్, సిక్కింలలో వాడకం 10 శాతం దాటింది. అయితే సంఖ్యాపరంగా బాధితులు ఎక్కువగా ఉన్నది పెద్ద రాష్ట్రాల్లో. దేశంలోని మొత్తం బాధితుల్లో సగానికి పైగా ఉన్న కొద్ది రాష్ట్రాల జాబితాలో ఉత్తరప్రదేశ్, పంజాబ్, హర్యానా, ఢిల్లీ, మహారాష్ట్ర, రాజస్థాన్, గుజరాత్‌లతో పాటు ఆంధ్రప్రదేశ్ కూడా చోటుచేసుకుంది. డ్రగ్స్ అనగానే గంజాయి గుర్తొచ్చే తెలుగు పాఠకులకు ఇది కొత్త కబురే. 2021 సెప్టెంబర్‌లో గుజరాత్‌లోని ముంద్రా రేవులో దాదాపు 3,000 కిలోల హెరాయిన్ పట్టుబడినప్పుడు కూడా తెలుగునాట ఇలాంటి ఉలికిపాటే కనిపించింది. అఫ్ఘానిస్తాన్ నుంచి టాల్కం రాళ్ల ముసుగులో వచ్చిన ఆ సరుకును దిగుమతి చేసుకున్న సంస్థ విజయవాడ చిరునామాతో నమోదై ఉంది. నగరానికి చిరునామా తప్ప ఆ సరుకుతో వేరే సంబంధం లేదని పోలీసులు అప్పట్లో వివరణ ఇచ్చుకున్నారు.

శపథాల రాష్ట్రం

ఈ సమస్యపై ప్రభుత్వాలు చేసిన ప్రయోగాలకు పంజాబ్‌ను మించిన ఉదాహరణ లేదు. ఎయిమ్స్ సాయంతో 2015లో అక్కడ జరిగిన సర్వే 2.32 లక్షల మంది ఓపియాయిడ్లకు బానిసలయ్యారని అంచనా వేసింది. వారిలో 76 శాతం మంది 18-35 ఏళ్ల మధ్యవారు. దాదాపు అందరూ మగవాళ్లే, 89 శాతం అక్షరాస్యులే. స్థానికులు 'చిట్టా' అని పిలిచే హెరాయిన్ కోసం ఒక్కో వ్యక్తి సగటున రోజుకు రూ. 1,400 తగలేస్తున్నట్టు తేలింది. పొలం, ట్రాక్టర్, ఇంట్లో ఆడవాళ్ల ఒంటి మీది బంగారం ఒకదాని వెంట ఒకటి కరిగిపోవడానికి ఆ ఒక్క అంకె చాలు.

ఆ సర్వేలోనే ఎవరూ పెద్దగా పట్టించుకోని మరో వాస్తవం ఉంది. బానిసలైనవారిలో 80 శాతానికి పైగా మానేయాలని ప్రయత్నించారు. వారిలో ఏదో ఒక సాయం అందింది 35 శాతం మందికే. అంటే కొరవడింది సంకల్పం కాదు, చికిత్స.

రాజకీయ పక్షాలు మాత్రం సంకల్పాన్నే నమ్ముకున్నాయి. నాలుగు వారాల్లో డ్రగ్స్‌ను తుడిచిపెడతానని 2015 డిసెంబర్‌లో పవిత్ర గ్రంథం సాక్షిగా శపథం చేసిన కెప్టెన్ అమరీందర్ సింగ్ 2017లో ముఖ్యమంత్రి అయ్యారు. ప్రత్యేక దళం ఏర్పడింది, అరెస్టులు పెరిగాయి. అయినా 2018 వేసవిలో వరసగా మోతాదు మరణాలు సంభవించి రాష్ట్రం అట్టుడికింది. ప్రభుత్వం స్మగ్లర్లకు మరణశిక్ష విధించాలని కేంద్రానికి సిఫారసు చేసింది. ఏడేళ్ల తర్వాత, 2025 మార్చిలో, భగవంత్ మాన్ ప్రభుత్వం డ్రగ్స్‌పై మరో 'యుద్ధం' ప్రకటించి స్మగ్లర్ల ఇళ్ల మీదికి బుల్‌డోజర్లు పంపింది. ముఖ్యమంత్రి, పార్టీ మారినా మందు మాత్రం మారలేదు.

సరఫరాను అడ్డుకోవద్దని ఎవరూ అనడం లేదు. కానీ అలవాటున్నవారికి చికిత్స చూపకుండా సరఫరా ఒక్కటే బిగిస్తే ఏమవుతుందో ఊహించడం కష్టం కాదు. దొరికిన సరుకులో ఏం కలిసిందో తెలియదు. హెరాయిన్ దొరకనివాడు నొప్పి మాత్రల మీద పడతాడు. కేంద్రం 2018లో ట్రమడాల్‌ను మాదకద్రవ్యాల చట్టం పరిధిలోకి తేవడానికి వాటి దుర్వినియోగమే కారణం.

నేరస్థుడా, రోగా?

1985 నాటి మాదకద్రవ్యాల చట్టం ఈ ప్రశ్నకు రెండు జవాబులూ చెబుతుంది. సెక్షన్ 27 ప్రకారం హెరాయిన్ వాడటమే నేరం, ఏడాది దాకా జైలు. స్వచ్ఛందంగా చికిత్సకు ముందుకొచ్చే బానిసకు ప్రాసిక్యూషన్ నుంచి మినహాయింపునిస్తుంది సెక్షన్ 64ఏ. శిక్షకు బదులు చికిత్సకు పంపే అధికారాన్ని కోర్టుకు కట్టబెడుతుంది సెక్షన్ 39. ఆచరణలో మొదటిదే చెల్లుబాటవుతోంది. విధి సెంటర్ ఫర్ లీగల్ పాలసీ 2018లో ప్రచురించిన అధ్యయనం ప్రకారం, 2013-15 మధ్య పంజాబ్‌లో వారు పరిశీలించిన కేసుల్లో కోర్టులు ఒక్కరిని కూడా ఈ సెక్షన్ల కింద చికిత్సకు పంపలేదు.

జైలు తప్పించుకున్నవారికి ఎదురయ్యేది తరచూ మరో రకం జైలు. అనుమతి లేని డీ-అడిక్షన్ కేంద్రాల్లో రోగులను బంధించి కొట్టిన ఉదంతాలు పలు రాష్ట్రాల్లో బయటపడ్డాయి. కుటుంబాలు అప్పులు చేసి మరీ అక్కడ చేర్పిస్తున్నాయి. విత్‌డ్రాయల్ బాధలు వారం పది రోజుల్లో తగ్గుతాయి కనుక 'నయమైంది' అని ఇంటికి పంపిస్తారు. మెదడులో పాతుకున్న వ్యసనం అలాగే ఉంటుంది. చాలామంది మళ్లీ మొదలుపెడతారు, ఈసారి తట్టుకునే శక్తి లేని శరీరంతో.

ఎంతమంది చనిపోతున్నారో చెప్పే నమ్మకమైన లెక్క కూడా లేదు. జాతీయ నేర రికార్డుల బ్యూరో ప్రకారం 2022లో దేశం మొత్తం మీద మోతాదు మించి మరణించినవారు 681 మంది. అందులో 144 మంది పంజాబ్‌వారే. 77 లక్షల మంది బాధితులున్న దేశానికి ఈ అంకె ఏ మాత్రం పొసగదు. పరువు పోతుందని, పోలీసు కేసవుతుందని భయపడే కుటుంబం గుండెపోటు అని చెప్పి దహనం చేసేస్తే అది ఏ పద్దులోకీ ఎక్కదు.

నాలుక కింద మాత్ర

ఇంతటి మహమ్మారికి పనిచేసే మందు లేకపోలేదు. బ్యుప్రెనార్ఫిన్ అనే మాత్రను నాలుక కింద పెట్టుకుంటే హెరాయిన్ పట్టుకునే గ్రాహకాలనే అది పట్టుకుంటుంది. కోరికను, విత్‌డ్రాయల్ బాధలను అణచివేస్తుంది. కానీ ఒక మోతాదు దాటాక దాని ప్రభావం పెరగదు కాబట్టి ఊపిరి ఆగిపోయే ప్రమాదం చాలా తక్కువ. ద్రవరూపంలో ఇచ్చే మెథడోన్‌ది కూడా ఇదే కోవ. రెండింటినీ ప్రపంచ ఆరోగ్య సంస్థ 2005లో అత్యవసర మందుల జాబితాలో చేర్చింది. పలు దేశాల అధ్యయనాలను క్రోడీకరించి 2017లో బ్రిటిష్ మెడికల్ జర్నల్‌లో వెలువడిన సమీక్ష ప్రకారం, చికిత్సలో లేని కాలంతో పోలిస్తే బ్యుప్రెనార్ఫిన్ తీసుకుంటున్న కాలంలో మరణాలు సగం కంటే తక్కువ. మెథడోన్‌తో మూడో వంతే. ఫ్రాన్స్ 1995 నుంచి సాధారణ డాక్టర్లు కూడా బ్యుప్రెనార్ఫిన్ రాసేందుకు అనుమతించింది. నాలుగేళ్లలో అక్కడ హెరాయిన్ మోతాదు మరణాలు 79 శాతం తగ్గాయి.

అభ్యంతరాలు లేవని కాదు. 'ఒక మత్తు పోయి మరో మత్తు వచ్చింది' అన్నది అందరి నోటా వినిపించే మాట. ఈ మాత్రలు దారి మళ్లి బజారుకు చేరుతున్నాయన్న ఫిర్యాదులు నిజమే. ఏళ్ల తరబడి వాడాల్సి రావడం కుటుంబాలకు మింగుడుపడదు. కానీ మధుమేహ రోగి ఇన్సులిన్‌ను 'అలవాటు' అని ఎవరూ నిందించరు. మాత్ర వేసుకుని పనికెళ్లే వ్యక్తికీ, సూది కోసం దొంగతనానికి దిగే వ్యక్తికీ తేడా ఏమిటో ఇంట్లోవాళ్లకు వేరే చెప్పనక్కర్లేదు.

ఈ దారిని పంజాబ్ కూడా కనిపెట్టకపోలేదు. శపథాలు, బుల్‌డోజర్ల హోరులో మరుగునపడిన పని ఒకటుంది. ఆస్పత్రిలో చేరకుండానే బ్యుప్రెనార్ఫిన్-నాలోక్సోన్ మాత్ర ఇచ్చే అవుట్‌పేషెంట్ క్లినిక్‌లు 2017 అక్టోబర్‌లో అమృత్‌సర్, మోగా, తరన్‌తారన్ జిల్లాల్లో మొదలై ఆ తర్వాత రాష్ట్రమంతా విస్తరించాయి. 2020 లాక్‌డౌన్‌లో మాత్రలను ఇంటికిచ్చే వెసులుబాటు కూడా కల్పించారు. ఢిల్లీలోని తీహార్ జైల్లో 2008లోనే ఖైదీలకు ఈ చికిత్స ప్రారంభమైంది. మణిపూర్, నాగాలాండ్‌లలో స్వచ్ఛంద సంస్థలు మోతాదు మించినవారిని బతికించే నాలోక్సోన్ ఇంజెక్షన్‌ను ఎప్పుడో చేతబట్టాయి. నిమిషాల్లో ఊపిరి తిరిగి తెప్పించే ఆ మందు ప్రభావం గంటా గంటన్నరలో తగ్గిపోతుంది కాబట్టి రోగిని ఆస్పత్రికి చేర్చడం తప్పనిసరి. కానీ అప్పటిదాకా ప్రాణం నిలుస్తుంది.

అంటే తెలియనిదేమీ లేదు, చేసి చూడనిదీ లేదు. లోపం విస్తృతిలో ఉంది. నిషిద్ధ డ్రగ్స్‌కు బానిసలైన ప్రతి 20 మందిలో ఒక్కరికే ఏదో ఒక చికిత్స అందుతోందన్నది 2019 సర్వే తేల్చిన నిజం. స్కాట్లాండ్ 2011 నుంచి జైలు నుంచి విడుదలయ్యే ఇలాంటి ఖైదీల చేతికి నాలోక్సోన్ కిట్ ఇచ్చి, దాన్ని వాడటం నేర్పి మరీ పంపుతోంది. మన జైలు గేటు దగ్గర విడుదల కాగితంతో పాటు ఒక ఇంజెక్షన్, నెలకు సరిపడా మాత్రలు, దగ్గర్లోని క్లినిక్ చిరునామా ఇవ్వడానికి కొత్త చట్టమేమీ అక్కర్లేదు. ఆ తొలి రెండు వారాలు గట్టెక్కితే మిగతా జీవితానికి చికిత్స చేసే వ్యవధి దొరుకుతుంది.