తెరవకుండానే మూతపడిన మంత్రవిద్యా పాఠశాల



వార్షికోత్సవ సంచికకు మా బ్యాచ్ తరఫున ఏదైనా రాసిమ్మని అడిగినప్పుడు ముందు "పోటీ పరీక్షలకు తయారవడం ఎలా?" అని రాద్దామనుకున్నాం. అది ప్రతి సంచికలోనూ ఎవరో ఒకరు రాస్తూనే ఉన్నారు. అందుకని ఈసారి ఒక మంత్రాల బడి గురించి రాస్తున్నాం. నవ్వకండి, చివరిదాకా చదవండి.

మాంత్రికుడంటే మనకు 'పాతాళభైరవి' (1951)లోని నేపాళ మాంత్రికుడు గుర్తుకొస్తాడు. మంత్రాల బడి అంటే హ్యారీ పోటర్ చదివిన హాగ్వార్ట్స్. అక్కడ గురువులు, పుస్తకాలు, భోజనశాల అన్నీ సిద్ధంగా ఉంటాయి. పిల్లవాడు రైలెక్కి వెళ్తే చాలు. మేము చెప్పబోయే బడి అలాంటిది కాదు. దాని పేరు స్టేర్‌క్రాస్ హాల్. సుసానా క్లార్క్ అనే ఇంగ్లండు రచయిత్రి దాదాపు పదేళ్ళు కష్టపడి రాసి, 2004లో ప్రచురించిన 'జోనథన్ స్ట్రేంజ్ అండ్ మిస్టర్ నోరెల్' నవలలో ఉందది. 2005లో ఆ నవలకు హ్యూగో అవార్డు వచ్చింది. ఎం.ఏ.లో ఉండగా ఈ హాస్టల్ నుంచి వెళ్ళిన మేము ముగ్గురం లైబ్రరీలో ఉన్న ఒక్క కాపీనే వంతులవారీగా చదివాం. దాదాపు 800 పేజీలు. కింద ఫుట్‌నోట్లు వేరే!

ఆ కథలోని ఇంగ్లండు నిజమైన ఇంగ్లండే, కాకపోతే అక్కడ ఒకప్పుడు మంత్రవిద్య ఉండేది. జాన్ అస్క్‌గ్లాస్ అనే మాంత్రికుడు ఉత్తర ఇంగ్లండును మూడు వందల ఏళ్ళకు పైగా ఏలాడు. ఆయన్ని 'రావెన్ కింగ్' అంటారు. (నిఘంటువులో రావెన్‌కు ఉన్న మాటలో ఒక కులం పేరు కలిసి ఉంది. అది మాకు నచ్చక 'కాకిరాజు' అంటున్నాం.) ఆ రాజు 1434లో దేశం విడిచి వెళ్ళిపోయాడు. తర్వాత విద్య కొంచెం కొంచెంగా సన్నగిల్లి, కథ మొదలయ్యే 1806 నాటికి మంత్రం వేయగలవాడు ఒక్కడూ కనబడడు.

మాంత్రికులమని చెప్పుకునే వాళ్ళు మాత్రం చాలామంది ఉన్నారు. యార్క్ పట్టణంలో వారికొక సంఘం ఉంది. నెలకోసారి దొరలంతా కూడి, మంత్రవిద్యా చరిత్ర మీద పొడుగాటి వ్యాసాలు చదువుకుని, భోంచేసి ఇళ్ళకు పోతారు. సెగుండస్ అనే కొత్త సభ్యుడు లేచి, "అయ్యా, ఇంగ్లండులో ఇప్పుడు ఎవరూ మంత్రం ఎందుకు వేయడం లేదు?" అని అడిగాడు. అందరికీ కోపం వచ్చింది. మర్యాదస్తులు విద్యను గురించి చదువుతారే గాని స్వయంగా చేయరట! సెమినార్లకు వెళ్ళి కూర్చున్నవాళ్ళకు ఈ ఘట్టం బాగా అర్థమవుతుంది.

మంత్రం వేయగలవాడు నిజంగానే ఒకడున్నాడు. ఆయనే నోరెల్. ఈయన సంగతి కొంచెం వివరంగా చెప్పాలి. ఆయన దృష్టిలో పుస్తకాలు రెండు రకాలు. విద్య బతికున్న రోజుల్లో రాసిన మంత్రగ్రంథాలు ఒక రకం. విద్య పోయాక, దాని గురించి రాసినవి రెండో రకం. మొదటి రకం పుస్తకం ఎక్కడ దొరికినా ఈయన కొని, తన హర్ట్‌ఫ్యూ భవనంలో దాచేశాడు. మిగతావాళ్ళ చేతికి వచ్చినవన్నీ రెండో రకమే. ఇక వాళ్ళు మంత్రం ఎలా వేస్తారు? విద్య పోయిందని అందరూ అనుకున్నారు. అందులో సగం నోరెల్ అలమారాల్లోనే ఉంది.

తన శక్తిని రుజువు చేయడానికి నోరెల్ ఒక షరతు పెట్టాడు. తాను మంత్రం వేసి చూపిస్తే సంఘం సభ్యులందరూ మాంత్రికులమనే పేరూ, ఆ చదువూ వదులుకోవాలి. సెగుండస్ తప్ప అందరూ సంతకాలు చేశారు. యార్క్ పెద్ద చర్చిలోని రాతి విగ్రహాలు మాట్లాడాయి! సంఘం రద్దయింది. నోరెల్ లండనుకు వెళ్ళి మంత్రుల ప్రాపకం సంపాదించాడు. జోనథన్ స్ట్రేంజ్‌ను శిష్యుడిగా చేర్చుకున్నాడు గాని, అతనికి కూడా కొన్ని పుస్తకాలే ఇచ్చి కొన్ని దాచాడు. స్ట్రేంజ్ విడిపోయి సొంతంగా పుస్తకం రాస్తే, కొనుక్కున్నవారి ఇళ్ళలోంచి కూడా ఆ కాపీలు మాయమయ్యేలా మంత్రం వేశాడు. అర్హత లేనివారి చేతిలో విద్య పడితే ప్రమాదమని ఆయన వాదన. అర్హత ఎవరికుందో తేల్చేది మళ్ళీ ఆయనే.

ఇక మన బడి. సెగుండస్‌కు ఒక ధనవంతురాలైన వితంతువు అండ దొరికింది. యార్క్‌షైర్‌లోని స్టేర్‌క్రాస్ హాల్‌లో మంత్రవిద్య నేర్పే బడి పెడదామని ఏర్పాట్లు మొదలుపెట్టాడు. నోరెల్‌కు తెలిసింది. తన సేవకుడు చిల్డర్‌మాస్‌ను పంపి, ఆపకపోతే బాగుండదని చెప్పించాడు. అంతే, బడి ఆగిపోయింది. అదే ఇంటిని మతిస్థిమితం లేనివారిని చూసుకునే ఇల్లుగా మార్చాల్సి వచ్చింది.

ఇక్కడ మేము పుస్తకం మూసి చాలాసేపు మాట్లాడుకున్నాం. చిన్నప్పుడు మేము చదివిన ఒక చోట అద్దాల తలుపుల అలమారా ఉండేది. తలుపులకు తాళం. పుస్తకాల వీపుల మీద పేర్లు అద్దంలోంచి చదివి, లోపల కథ ఏమై ఉంటుందో మేమే చెప్పుకునేవాళ్ళం. "మీరు చింపేస్తారు" అనేవారు అడిగితే. నోరెల్ మాకు కొత్తవాడేమీ కాదు.

ఆ పిచ్చి ఇంటికి లేడీ పోల్ అనే ఆవిడను తెచ్చారు. చనిపోయిన ఆవిడను నోరెల్ పేరు కోసం బతికించాడు. సాయం చేసిన మాయలోకపు పెద్దమనిషి అందుకు ఆవిడ జీవితంలో సగం తీసుకున్నాడు. రాత్రంతా అతని ఇంట్లో నాట్యం చేయాలి. ఆ బాధ చెప్పబోతే నోటివెంట ఏవో సంబంధం లేని కథలు వస్తాయి. అందరూ పిచ్చిదన్నారు. సెగుండస్‌కు మాత్రం ఆవిడ నోటి దగ్గర ఒక ఎర్రతెల్ల గులాబీ కనిపించింది. తెగిపోయిన ఆవిడ వేలును చిల్డర్‌మాస్ ఒక చిన్న డబ్బాలో తెచ్చి ఇచ్చాడు. సెగుండస్ ఆ మాయను విప్పాడు. అది అతను చేసిన మొదటి మంత్రం. మూతపడిన బడిలోనే!

కాకిరాజు సొంతంగా రాసిన గ్రంథం సంగతి ఇంకా విచిత్రం. దాన్ని ఒక ఊరికి చేర్చమని క్లెగ్ అనే పాలేరుకు అప్పగిస్తే, దారిలో తాగిన మత్తులో పందెం కాసి తినేశాడు. పుస్తకాన్ని చంపిన నేరానికి ఉరి తీశారు. అంతకుముందే అతనికి పుట్టిన కొడుకు వింక్యులస్ ఒంటినిండా నీలి అక్షరాలున్నాయి. లండను వీధుల్లో మంత్రాలంటూ పొట్టపోసుకునే ఆ దేశదిమ్మరే అసలు గ్రంథం. అతనికి మాత్రం అందులో ఒక్క ముక్క చదవడం రాదు.

ఈ మాట దగ్గర మాలో ఒకడు "మా తాత కూడా ఇంతే" అన్నాడు. సున్నంలో ఎన్నాళ్ళు ఉంచితే తోలు మీది వెంట్రుక ఊడుతుందో, లందలో తంగేడు చెక్క ఎంత వేయాలో, కరక్కాయ ఎప్పుడు కలపాలో ఆయన వేళ్ళకు తెలుసు. సంతకం రాదు. ఆయన కొడుకులు ఆ పని మానేశారు. మానేయడం తప్పని మేము అనం, ఆ లంద చుట్టూ ఊరు గీసిన గీత మాకు తెలుసు. కానీ ఆ లెక్కలు ఎవరూ రాసుకోలేదు. మావాడు సెలవుల్లో వెళ్ళి అడిగితే తాత, "చదువుకున్నోడివి, నీకెందుకురా ఈ కంపు?" అన్నాడట. రెండోసారి అడిగాకే చెప్పాడు.

నవల చివర నోరెల్, స్ట్రేంజ్ ఇద్దరూ ఒక మాయచీకట్లో చిక్కి, లైబ్రరీతో సహా మాయమవుతారు. అన్ని అలమారాలూ పోయాయి! అప్పుడు చిల్డర్‌మాస్ యార్క్‌లో మాంత్రికుల సమావేశానికి వచ్చాడు. దొంగతనాలు చేసుకుని బతికిన తల్లికి పుట్టి, ఇరవై ఏళ్ళకు పైగా నోరెల్ పనులు చక్కబెడుతూ, పక్కన నిలబడి విద్య నేర్చుకున్నవాడు. పాత ఒప్పందం ఇక చెల్లదని చెప్పి, వెంట తెచ్చిన వింక్యులస్‌ను చూపించాడు. ఒంటి మీది అక్షరాలు అప్పటికే మారిపోయి ఉన్నాయి. ఎవరికీ చదవడం రాదు. అందరూ కలిసి మొదటినుంచి నేర్చుకోవాలి.

నవల ఇంగ్లీషు కాస్త కష్టమే. అందుకని కథంతా తెలుగులో రెండు నోటు పుస్తకాల్లో రాసి, వార్షికోత్సవానికి వచ్చినప్పుడు తెచ్చాం. తాత చెప్పిన తోలు లెక్కలు రెండో పుస్తకం చివరి నాలుగు పేజీల్లో ఉన్నాయి. పదో తరగతి తమ్ముళ్ళ దగ్గర ఉంచి వెళ్తున్నాం, అడిగి తీసుకోండి. పేజీలు చిరిగితే అతికించుకోండి, ఫర్వాలేదు.