తుడిచిపోయిన వ్రాతలు – మరల దొరకు త్రోవలు

గృహిణికి వస్తువులు పోగొట్టుకొనుట క్రొత్త గాదు. చెవికమ్మ సీల ఊడి యెక్కడనో పడును. బియ్యము చెరుగుచుండగా నుంగరము జారును. అట్టివేళ నిల్లంతయు నూడ్చి వెదకుదుము. ఇంటిలో బడిన వస్తు వింటిలోనే యుండు నన్న ధైర్యము మనకు గలదు. కాని చేతిలోని ఫోనునందు వ్రేలి పొరపాటున తుడిచివేసిన వ్రాతను వెదకవలసి వచ్చినపుడు త్రోవ తోచదు. అది యెచ్చట బడినదో, అసలు మిగిలియున్నదో లేదో తెలియదు. నిరుడు కార్తికమాసమున మా యింట జరిగిన యొక సంగతిని చెప్పి, దానివలన మేము నేర్చుకొన్న విషయములను సోదరీమణులకు మనవి చేసికొందుము.

మా అత్తగారు మూడేండ్ల క్రిందట పరమపదించిరి. ఆమెకు చదువు రాదు. పాట మాత్రము కొల్లలుగా వచ్చును. తిరుగలిపాటలు, మంగళహారతులు, పెండ్లిపాటలు ఆమె నోటనే యుండెడివి. ఆమె కడపటి సంవత్సరమున మేము వాని నొక్కొక్కటిగా ఫోనులో పట్టి, ఆమె పోయిన పిదప ప్రతి శుక్రవారము నొక పాటను, దాని మాటలతో గూడ, ఫేస్‌బుక్‌లో నుంచుచు వచ్చితిమి. ఎఱ్ఱగుంట్లలోను, ప్రొద్దుటూరిలోను మా బంధువులు వినుచుండెడివారు.

దీపావళి వెళ్లిన వారమునకు, పండుగ శుభాకాంక్షల బొమ్మలు పేరుకొనిపోయిన వని, వాని నన్నిటిని ఒక్కమారుగా నెన్నుకొని తీసివేసితిమి. వానితోబాటు తొమ్మిది పాటలు గూడ పోయినవి. ఆ సంగతి మాకు దెలియనే లేదు. పండ్రెండవనాడు ప్రొద్దుటూరినుండి మా ఆడబిడ్డ ఫోను చేసి, “వదినా, అమ్మ పాడిన అప్పగింతల పాట కనపడలా, యాడ పోయింది? మాఘంలో పాప పెండ్లికి కావల్ల గదా” అని యడిగినది. వెదకి చూచి గుండె జారిపోయినది. మావారు బడినుండి వచ్చువరకు పొయ్యి ముట్టింపలేదు.

మొదట విచారింపవలసినది

ఇట్టి సమయమున తొందరపడి నలుదిక్కుల నొక్కుట తగదు. వ్రాత నిజముగా తుడిచిపోయినదా, కనబడకుండ దాగినదా యని మొదట చూడవలెను. ‘ఆర్కైవ్’ అనున దొక అటుక వంటిది. దానిలో నుంచిన వ్రాత యితరులకు గనబడదు; మనము మాత్ర మెప్పుడైనను దింపుకొనవచ్చును; దానికి గడువు లేదు. ‘ట్రాష్’ అనునది చెత్తబుట్ట. దానిలో బడినది కొంతకాల మటులే యుండి, పిదప దానంతట నదియే పారవేయబడును. కావున చెత్తబుట్టలో బడినదానికి దినములు లెక్కింపవలసియుండును.

ఫేస్‌బుక్‌లో నీ గడువు 30 దినములు. మన పేరిటి పుటకు బోయి, మూడు చుక్కల గుర్తు నొక్కి, ‘యాక్టివిటీ లాగ్’ తెరచినచో అందు ‘ట్రాష్’ యుండును. అక్కడ కావలసిన వ్రాతను ఎన్నుకొని ‘రీస్టోర్’ అని యొత్తినచో మరల యథాస్థానమునకు వచ్చును. మావా రట్లు తెరచి చూపగా, తొమ్మిది పాటలును అందే యున్నవి. మఱి పదునెనిమిది దినములు గడచియున్నచో అవి మాకు దక్కకపోయెడివి.

ఇన్‌స్టాగ్రామ్‌లో గూడ 2021వ సంవత్సరమునుండి ‘రీసెంట్లీ డిలీటెడ్’ అను నర యొకటి గలదు. చిత్రములు, వీడియోలు అందు 30 దినము లుండును. ‘స్టోరీ’ లనబడునవి మాత్రము, ఆర్కైవ్‌లో చేరనిచో, 24 గంటలే నిలుచును. గూగుల్ ఫోటోస్‌లో తీసివేసిన చిత్రము, బ్యాకప్ అయినదైనచో, చెత్తబుట్టలో 60 దినము లుండును. యూట్యూబ్‌లో మనము తీసివేసిన వీడియోకును, ‘ఎక్స్’లో తుడిచివేసిన మాటకును ఇట్టి బుట్ట లేదు. ఒకమారు పోయిన పోయినదే.

వాట్సాప్ సంగతి

మన యిండ్లలో నెక్కువగా వాడుకలో నున్నది వాట్సాప్. ఇందు ‘డిలీట్ ఫర్ మీ’ అని పొరపాటున నొత్తినచో, వెంటనే అడుగున ‘అన్‌డూ’ అను మాట కొన్ని క్షణములు కనబడును. ఆలోపల నొత్తినచో మాట నిలుచును. ‘డిలీట్ ఫర్ ఎవ్రీవన్’ అని యొత్తినదానికి ఈ సదుపాయము లేదు.

అటుపై మిగిలినది బ్యాకప్. ఆండ్రాయిడ్ ఫోనులలో నిది గూగుల్ ఖాతాకును, ఐఫోనులలో ఐక్లౌడ్‌కును జేరును. పాత మాటలు కావలసినచో వాట్సాప్‌ను తీసివేసి, మరల స్థాపించి, అదే నంబరుతో ప్రవేశించి, ‘రీస్టోర్’ అనవలెను. ఇందు రెండు మెలకువలు గలవు. దినదినము బ్యాకప్ జరుగునట్లు అమర్చుకొన్నవారికి, పోయిన సంగతి తెలియునప్పటికి క్రొత్త బ్యాకప్ పాతదానిని కప్పివేసియుండవచ్చును. కావున నష్టము దెలిసిన వెంటనే బ్యాకప్‌ను నిలుపవలెను. మఱియు, పాత బ్యాకప్ తెచ్చుకొన్నచో అటుతరువాత వచ్చిన మాటలు పోవును. పలుమారు లింత శ్రమయే యక్కరలేదు. సంభాషణ పోయినను, వచ్చిన చిత్రములు ఫోనులోని వాట్సాప్ అరలో మిగిలియుండుట గలదు. మొదట నచ్చట వెదకవలెను.

ఒక ప్రతి, పెక్కు ప్రతులు

తొమ్మిది పాటలు వచ్చిన సంతోషము మాకు నిలువలేదు. ఆడబిడ్డ యడిగిన అప్పగింతల పాట వానిలో లేదు. జ్ఞాపకము చేసికొనగా, వేసవిలోనే, మాటలలో తప్పు కనబడి, సరిదిద్ది మరల నుంచుద మని మేమే దానిని తీసివేసి మరచియుంటిమి. 30 దినములు ఎన్నడో గడచినవి. మూలము పాతఫోనులో నుండెను. ఆ ఫోను నీటిలో బడి పాడైనది. తప్పు పూర్తిగా మాదే. ఒక్కగా నొక్క ప్రతిని చేత బట్టుకొని, దానినే తుడిచి దిద్దబూనితిమి.

ఆ దినములలో మా కొక సంగతి మాటిమాటికి తోచుచుండెను. మా యెఱ్ఱగుంట్ల మండలములోనే కలమళ్ల గ్రామము గలదు. అచ్చటి చెన్నకేశవాలయమునందలి శిలాశాసనము రేనాటిచోళుడైన ఎరికల్ ముత్తురాజు ధనంజయునిది; క్రీ.శ. 575 ప్రాంతమునాటిది. మనకు దొరకిన తెలుగు శాసనములలో నిదియే మొదటిదని పండితు లెంతురు. అట్టి రాతిమీద గూడ నడిమి పంక్తులు చెడిపోయినవి. వానిలో నేమి యున్నదో యిపుడు చెప్పువారు లేరు. ఏలయన దానికి మఱియొక ప్రతి లేదు.

మఱియొకవైపు వేమన పద్యములను జూడుడు. 1820లో కడపకు వచ్చిన బ్రౌను దొర తాళపత్రప్రతులను వేర్వేరు చోట్లనుండి తెప్పించి, పండితులకు జీతము లిచ్చి, ఒకదానితో నొకటి సరిపోల్పించి, 1829లో వేమన పద్యములను అచ్చువేయించెను. ఒక ప్రతిలో పురుగు దిన్న చోటు వేఱొక ప్రతిలో నిండుగా నుండెడిది. కడపలో ఆయన బంగళా యున్న స్థలముననే నేడు బ్రౌను పేరిట గ్రంథాలయము వెలసియున్నది. రాయి గట్టిది, తాటాకు మెత్తనిది. ఐనను పెక్కుచోట్ల నున్న తాటాకు నిలిచినది, ఒక్కచోట నున్న రాతి పంక్తి పోయినది.

మేము నట్లే చేయ నిశ్చయించితిమి. బంధువుల కందఱకు కబురంపితిమి. జమ్మలమడుగులో అత్తగారి నెచ్చెలి యొకామె నోటుపుస్తకములో పాట మొదటి మూడు చరణములు వ్రాసికొనియుండెను. పులివెందులలోని బంధువు లొకరి వాట్సాప్‌లో ఒక నిమిషము పాటు అత్తగారి కంఠమే దొరకినది. అది అయిదవ చరణము. నాలుగవ చరణ మెచ్చటను దొరకలేదు.

కొన్ని జాగ్రత్తలు

పోయిన వ్రాతలు తెచ్చియిత్తు మని కొందఱు డబ్బడుగుదురు; ఖాతా రహస్యపదమును, ఫోనుకు వచ్చు ఓటీపీని చెప్పు మందురు. ఎంత యాతురత యున్నను వానిని ఎవ్వరికిని చెప్పరాదు. వ్రాత దొరకదు సరికదా, ఖాతాయే చేజారును. అట్లు మోసపోయినచో వెంటనే 1930 నంబరునకు ఫోను చేయవలెను. అది సైబరు మోసములకు కేంద్రప్రభుత్వ మేర్పఱచిన సహాయ సంఖ్య.

మన పొరపాటు లేకున్నను వ్రాతలు పోవుట గలదు. ఆర్కుట్ 2014 సెప్టెంబరు 30వ తేదీన మూతపడెను. 2020 జూన్ 29న మన దేశమున టిక్‌టాక్ నిషేధింపబడినపుడు, ఎందఱో గృహిణులు చేసికొన్న వీడియోలు ఒక్కనాటితో కనుమఱుగైనవి. అమెరికాలో మైస్పేస్ అను సంస్థ, తన యంత్రములను మార్చునపుడు 2015కు ముందు జనులు చేర్చిన పాటలు పోయిన వని 2019లో తెలిపెను. ఇతరుల గాదెలో దాచిన ధాన్యమునకు మన తాళము చాలదు. కావున ఫేస్‌బుక్, ఇన్‌స్టాగ్రామ్‌లలో మన సమాచారము నంతయు దింపుకొనుటకు గల వసతిని ఏడాదికి రెండుమారులైనను వాడుకొని, ఆ ప్రతిని కంప్యూటరులోనో పెన్‌డ్రైవులోనో యుంచవలెను. గూగుల్‌లో దీనికే ‘టేకౌట్’ అని పేరు. ముఖ్యమైనదానిని పుట్టినింట నొకటి, మెట్టినింట నొకటి యుంచుట మేలు. పాటలును, వంటల కొలతలును, వంశవృక్షమును నోటుపుస్తకములో వ్రాసియుంచుట మఱియు మేలు.

ఇంకొక మాట. ఆడపిల్ల యొకతె తా నుంచిన చిత్రమునో మాటనో కావలయు నని తీసివేసినచో, దానిని వెలికిదీయుట మన పని గాదు. పొరపాటున బోయినదానిని వెదకుట వేఱు. ఒకరు మఱువదలచినదానిని త్రవ్వుట వేఱు.

మాఘమాసమున మేనకోడలి పెండ్లి జరిగినది. అప్పగింతలవేళ నోటుపుస్తకము జూచి మేము మూడు చరణములు పాడితిమి. నాలుగవదానియొద్ద నాగవలసివచ్చెను. మా ఆడబిడ్డ కన్నులు తుడుచుకొని ఫోను తెరచినది. అయిదవ చరణము అత్తగారి గొంతుననే వినబడినది. పందిరిలో నెవ్వరును కదలలేదు.

ఆ పాట యిపు డెనిమిది యిండ్లలో నున్నది. నాలుగవ చరణ మెవరికైన వచ్చునేమో యని మే మింకను విచారించుచునే యున్నాము. సోదరీమణులారా, మీ యిండ్లలో నట్టి పెద్ద లున్నచో, ఈ సాయంకాలమే వారి పాట నొకటి పట్టియుంచుడు. పట్టినదానిని రేపటిలోపల మఱియొకచోటికి జేర్చుడు.