జపాన్ కర్రీ బిళ్ల: కొనేటప్పుడు గుర్తు చూడాలి, వండేటప్పుడు మంట ఆపాలి

చూడటానికి చాక్లెట్ బార్‌లా గళ్లు గళ్లుగా ఉంటుంది. ఉడికిన కూరముక్కల నీళ్లలో కలిపితే పది నిమిషాల్లో చిక్కటి గోధుమరంగు కూర తయారవుతుంది. జపాన్‌లో దాదాపు ప్రతి ఇంటికీ తెలిసిన ఈ 'కర్రీ రూ' బిళ్లలను ఇప్పుడు మన దేశంలోనూ ఆన్‌లైన్‌లో తెప్పించుకోవచ్చు. పశ్చిమ బెంగాల్‌లోని రైల్వే పట్టణం ఖరగ్‌పూర్‌లో ఉన్న తెలుగు వంటింటికి ఇది కొత్త సరుకే. కానీ దాని మూలాలు ఆ ఊరి చరిత్రకు మరీ దూరమైనవి కావు.

ఇక్కడి కారం, అక్కడి పిండి

ఖరగ్‌పూర్‌ను పట్టణంగా నిలబెట్టింది బెంగాల్ నాగ్‌పూర్ రైల్వే. శ్రీకాకుళం, విజయనగరం, విశాఖ ప్రాంతాల నుంచి రైల్వే పనులకు వెళ్లిన తెలుగు కుటుంబాలు తరాలుగా అక్కడే స్థిరపడ్డాయి. నింపురా, మథురాకాటి వంటి పేటల్లో నేటికీ తెలుగు వినిపిస్తుంది. రైల్వేలను నడిపిన ఆంగ్లేయులే మన మసాలాలన్నింటినీ కలిపి 'కర్రీ పౌడర్' అనే ఒకే పొడిగా మార్చి ఇంగ్లండ్‌కు తీసుకెళ్లారు. అక్కడ దానికి గోధుమపిండి తోడై కూర చిక్కబడింది.

19వ శతాబ్దం రెండో సగంలో ఆ వంటకం బ్రిటన్ మీదుగా జపాన్ చేరింది. 1872 నాటి జపాన్ వంట పుస్తకాల్లోనే కర్రీ తయారీ ఉంది. ఆ తర్వాత జపాన్ నౌకాదళం కూడా దాన్ని తన భోజనంలో చేర్చుకుంది. 1923లో యమజాకి మినెజిరో జపాన్‌లోనే కర్రీ పౌడర్ తయారుచేశారు. ఆయన సంస్థే నేటి ఎస్ అండ్ బి. బిళ్ల రూపం 1950ల్లో మొదలైంది. హౌస్ సంస్థ 'వెర్మాంట్ కర్రీ' 1963లో, ఎస్ అండ్ బి 'గోల్డెన్ కర్రీ' 1966లో వచ్చాయి.

బెంగాల్‌కు జపాన్ కర్రీతో నేరుగా మరో బంధం ఉంది. 1915లో బ్రిటిష్ పోలీసులను తప్పించుకుని జపాన్ వెళ్లిన విప్లవకారుడు రాస్ బిహారీ బోస్‌కు టోక్యోలో 'నకమురాయా' దుకాణం యజమానులు ఆశ్రయమిచ్చారు. ఆయన వారి కుమార్తెను పెళ్లాడారు. 1927లో ఆ సంస్థ భోజనశాలలో పిండితో చిక్కబరచని భారతీయ పద్ధతి కూరను ప్రవేశపెట్టారు. అయినా ఇళ్లలో పాతుకుపోయింది మాత్రం పిండి కలిసిన బిళ్లే.

బిళ్లలో ఏముంది?

'రూ' ఫ్రెంచి మాట. కొవ్వులో వేయించిన గోధుమపిండి అని అర్థం. దానికి కర్రీ పౌడర్, ఉప్పు, చక్కెర, రుచిని పెంచే పదార్థాలు కలిపి గడ్డకట్టిస్తే బిళ్ల అవుతుంది. బరువులో దాదాపు మూడోవంతు కొవ్వే. ఒక్కరికి సరిపోయే 20 గ్రాముల ముక్కలో సుమారు 2 గ్రాముల ఉప్పు ఉంటుంది. రోజు మొత్తానికి 5 గ్రాములు దాటొద్దని ప్రపంచ ఆరోగ్య సంస్థ చెబుతున్న సంగతి గుర్తుంటే, ఈ కూరలో మళ్లీ ఉప్పు ఎందుకు వేయకూడదో అర్థమవుతుంది.

కొనేటప్పుడు చూడాల్సినవి

మొదట చూడాల్సింది శాకాహార గుర్తు. జపాన్ మార్కెట్ కోసం చేసే కొన్ని బిళ్లల్లో ఎద్దు కొవ్వు, పంది కొవ్వు కలిసిన నూనె వాడతారు. మాంసం సారాలు కూడా ఉండొచ్చు. ఎగుమతి రకాల్లో చాలావాటికి పామాయిల్ వంటి నూనెలు వాడతారు. ఒకే పేరున్న పెట్టె ఒక దేశంలో ఒకలా, మరో దేశంలో మరోలా ఉండొచ్చు కాబట్టి పేరును నమ్ముకుంటే చాలదు. మన దేశంలో చట్టప్రకారం అమ్మే పెట్టె మీద చతురస్రంలో పచ్చ చుక్క ఉంటే శాకాహారం, గోధుమరంగు త్రిభుజం ఉంటే మాంసాహారం. ఎవరో విదేశం నుంచి తెచ్చిచ్చిన పెట్టె మీద ఈ గుర్తులు ఉండవు. అప్పుడు పదార్థాల జాబితా చదవాల్సిందే. హలాల్ పాటించేవారు ఆ ముద్ర కోసం విడిగా చూసుకోవాలి. గోధుమ, పాలు, సోయా, వేరుసెనగ పడనివారికీ ఆ జాబితాయే రక్ష.

తర్వాత కారం. 'అమకుచి' అంటే తీపి రకం, 'చూకరా' మధ్యరకం, 'కరాకుచి' కారం రకం. గుంటూరు మిరపకు అలవాటైన నోటికి కరాకుచి కూడా చప్పగానే ఉంటుంది. పిల్లలకైతే చూకరా చాలు.

వండే తీరు

100 గ్రాముల బిళ్లతో ఐదుగురికి కూర వస్తుంది. రెండు ఉల్లిపాయలను నూనెలో ఎర్రగా వేయించి, పావుకిలో చికెన్, రెండు బంగాళాదుంపలు, ఒక క్యారెట్ వేసి, సుమారు 650 మిల్లీలీటర్ల నీళ్లు పోసి మెత్తగా ఉడికించాలి. పెట్టె మీది కొలత వేరుగా ఉంటే దాన్నే పాటించాలి. చికెన్ వద్దంటే గుమ్మడి, వంకాయ, పనీర్ బాగుంటాయి. బెంగాల్ సంతల్లో దొరికే దుంపల్లో 'చంద్రముఖి' త్వరగా మెత్తబడిపోతుంది. ఈ కూరకు 'జ్యోతి' మేలు.

ముక్కలు ఉడికాక స్టవ్ ఆపేయాలి. ఇదే అసలు కిటుకు. మరిగే నీళ్లలో బిళ్ల వేస్తే పైపొరలోని పిండి వెంటనే ఉబ్బి తొడుగులా కట్టుకుంటుంది, లోపలిది ఉండగా మిగిలిపోతుంది. మంట ఆపి, బిళ్లను విరిచి కలిపి, పూర్తిగా కరిగాక సన్నటి సెగ మీద ఐదు నుంచి పది నిమిషాలు కలుపుతూ ఉంచాలి. ముక్కలను కుక్కర్‌లో ఉడికించుకోవచ్చు కానీ బిళ్ల వేశాక మూత బిగించకూడదు. పిండి అడుగంటుతుంది, ఆవిరి దారి మూసుకుపోయే ప్రమాదమూ ఉంది. అలవాటుగా పసుపు, గరంమసాలా, చింతపండు వేయనక్కర్లేదు.

చిక్కబడిన కూర మళ్లీ పలచబడితే ఎంగిలి గరిటెను అనుమానించాలి. లాలాజలంలోని ఎమైలేజ్ అనే ఎంజైమ్ పిండిపదార్థాన్ని విడగొడుతుంది. తేనెలోనూ అది ఉంటుంది. కాబట్టి తేనె కలపాలనుకుంటే బిళ్లకు ముందే వేసి బాగా మరిగించాలి.

అన్నం కాస్త ముద్దగా ఉండాలి. బెంగాల్‌లో రోజూ వాడే ఉప్పుడు బియ్యం పొడిపొడిగా విడిపోతుంది. కొత్త బియ్యాన్ని కాస్త మెత్తగా వండుకుంటే సరిపోతుంది.

రాత్రి మిగిలితే

మరునాటికి ఈ కూర రుచి పెరుగుతుందని జపాన్ వాసులూ అంటారు. కానీ గిన్నెను రాత్రంతా బయట ఉంచొద్దని అక్కడి ఆరోగ్య అధికారులు హెచ్చరిస్తుంటారు. క్లాస్ట్రిడియం పెర్‌ఫ్రింజెన్స్ అనే సూక్ష్మజీవి బీజరూపాలు ఉడికించినా చావవు. చిక్కటి కూర నెమ్మదిగా చల్లారుతుంది, గిన్నె లోతున గాలి ఆడదు. ఆ గోరువెచ్చదనంలో అవి విపరీతంగా పెరిగి కడుపునొప్పి, విరేచనాలు తెస్తాయి. చద్దన్నం మీద మనకున్న నమ్మకాన్ని ఈ కూరకు వర్తింపజేయకూడదు. పులిసిన చద్దన్నంలోని ఆమ్లం ఇందులో ఉండదు. ఖరగ్‌పూర్ వేసవిలోనైతే ఇంకా జాగ్రత్త అవసరం. మిగిలిన కూరను లోతు తక్కువ గిన్నెల్లోకి సర్ది, రెండు గంటల్లోపు ఫ్రిజ్‌లో పెట్టాలి. మళ్లీ తినేటప్పుడు అడుగు దాకా కలుపుతూ పొగలు కక్కేలా వేడిచేయాలి.